గేమ్ సబ్‌స్క్రిప్షన్ ఆపేస్తున్నారా? క్యాన్సిల్ నొక్కే ముందు సేవ్‌ల సంగతి చూసుకోండి

క్యాన్సిల్ చేయడం రెండు నిమిషాల పని. ఆ బటన్ ఎక్కడ దాచారో వెతకడానికి ఇంకో ఐదు నిమిషాలు పట్టొచ్చు, అంతే. కానీ అది నొక్కాక మీ దగ్గర ఏం మిగులుతుంది, ఏం పోతుంది, పోయినట్టు కనిపించినా మళ్లీ డబ్బు కడితే తిరిగొచ్చేది ఏది అన్నది మాత్రం ఒక్కో సర్వీసులో ఒక్కోలా ఉంటుంది, పైగా ఎవరూ ముందే కూర్చోబెట్టి చెప్పరు.

నాకు ఇది దెబ్బ తగిలాకే తెలిసింది. ఒక సర్వీసు ఆపేసిన చాలా నెలలకి కన్సోల్ ఏదో ఇబ్బంది పెడుతుంటే ఫార్మాట్ కొట్టేశాను, సేవ్‌లన్నీ, అంటే ఎక్కడిదాకా ఆడామో దాచి ఉంచే ఫైళ్లన్నీ, క్లౌడ్‌లో ఉన్నాయి కదా అన్న ధైర్యంతో. తీరా మళ్లీ డబ్బు కట్టి లోపలికెళ్లి చూస్తే అక్కడ ఏమీ లేదు, గడువు దాటిందని ఎప్పుడో తీసేశారట. 90 గంటలు ఆడి చివరి దాకా తెచ్చుకున్న గేమ్ అది. మళ్లీ మొదటి నుంచి ఆడే మనసు రాక ఇప్పటికీ దాని ముగింపు చూడలేదు. పోయింది డబ్బే అయితే ఇంత బాధ ఉండేది కాదు. అందుకే ఇక్కడ క్యాన్సిల్ బటన్ నాలుగో మెట్టులో వస్తుంది, దానికి ముందు చేయాల్సిన పనులు మూడున్నాయి.

మొదటి మెట్టు: మీరు దేనికి డబ్బు కడుతున్నారో తేల్చుకోండి

అన్నిటినీ సబ్‌స్క్రిప్షన్ అనే అంటాం గానీ లోపల ఇవి వేరువేరు సరుకులు. ఎక్స్‌బాక్స్ గేమ్ పాస్, ఈఏ ప్లే, యుబిసాఫ్ట్ ప్లస్, ఆపిల్ ఆర్కేడ్ లాంటివి అద్దె లైబ్రరీలు. డబ్బు కట్టినన్నాళ్లు ఏదైనా తీసి ఆడుకోవచ్చు, ఆపితే తలుపు మూసుకుంటుంది. ప్లేస్టేషన్ ప్లస్, నింటెండో స్విచ్ ఆన్‌లైన్ లాంటి వాటిలో మూడు నాలుగు కలిసి ఉంటాయి: ఆన్‌లైన్‌లో ఇతరులతో ఆడే అనుమతి, సేవ్‌లకి క్లౌడ్ చోటు, కొన్ని గేమ్‌లు, కొన్ని డిస్కౌంట్లు. ఒక్క బటన్‌తో ఇవన్నీ కలిసే పోతాయి, జనం మర్చిపోయేది ఇక్కడే, గేమ్‌ల గురించి ఆలోచిస్తారు గానీ క్లౌడ్ చోటు గుర్తుకు రాదు.

జీఫోర్స్ నౌ దారి వేరు. అక్కడ మీరు కట్టేది దూరంగా ఉన్న కంప్యూటర్ వాడుకున్నందుకు. గేమ్‌లు స్టీమ్, ఎపిక్ లాంటి పీసీ గేమ్ స్టోర్లలోని మీ అకౌంట్‌లో మీరు కొనుక్కున్నవే, కాబట్టి ఆపేసినా అవి ఎక్కడికీ పోవు, వాటిని నడిపే మెషీన్ మాత్రం మీరే చూసుకోవాలి. హంబుల్ చాయిస్ అనే నెలసరి సభ్యత్వంలో తీసుకున్న స్టీమ్ కీలు (గేమ్‌ని మీ అకౌంట్‌లో చేర్చే కోడ్‌లు), అమెజాన్ ప్రైమ్‌తో వచ్చి మీరు క్లెయిమ్ చేసుకున్న పీసీ గేమ్‌లు కూడా సభ్యత్వం ఆగాక మీ దగ్గరే ఉంటాయి. ఇలాంటివి ఉంటే ఆపే ముందు ఆ నెలవి క్లెయిమ్ చేశారో లేదో ఒక్కసారి చూసుకోండి, చేయనివి మాత్రం పోవచ్చు.

ఇక ఒకే గేమ్‌కి నెలనెలా కట్టేవి. వాటి గురించి కింద విడిగా చెప్తాను, అక్కడ కొన్ని వింత నిబంధనలున్నాయి.

రెండో మెట్టు: అద్దెవి ఏవి, సొంతవి ఏవి

లైబ్రరీ తెరిస్తే అన్ని గేమ్‌ల బొమ్మలూ ఒకే వరుసలో కనిపిస్తాయి కాబట్టి అన్నీ మనవే అనిపిస్తుంది. ఒక కాగితం తీసుకుని, లేదా ఫోన్‌లో నోట్ తెరిచి, మీరు నిజంగా ఆడుతున్న గేమ్‌ల పేర్లు రాసి పక్కన కొన్నదా, సభ్యత్వంతో వచ్చిందా అని రాయండి. అనుమానం ఉంటే కొనుగోళ్ల జాబితాలో చూడండి, డబ్బు కట్టిన తేదీ ఉంటే అది మీదే.

సభ్యులకిచ్చే డిస్కౌంట్‌లో డబ్బు పెట్టి కొన్నవి మీవే, సభ్యత్వం ఆగినా ఆడుకోవచ్చు. ప్లేస్టేషన్ ప్లస్‌లో నెలనెలా ఇచ్చే గేమ్‌లు మాత్రం అలా కాదు. లైబ్రరీలో చేర్చుకున్నా సరే, సభ్యత్వం ముగిసిన రోజున వాటి మీద తాళం పడుతుంది. ఒక ఊరట ఏంటంటే ఎన్నేళ్ల తర్వాత మళ్లీ చేరినా, మీరు అప్పట్లో చేర్చుకున్నవి మళ్లీ తెరుచుకుంటాయి. అందుకని ఆపేసే నెలలో కూడా, ఆడే ఉద్దేశం లేకపోయినా, ఆ నెల గేమ్‌లని చేర్చుకునే ఆపేయండి. ఎక్స్‌బాక్స్‌లో గేమ్స్ విత్ గోల్డ్ అని 2023 సెప్టెంబర్ దాకా ఒకటి ఉండేది, అందులో తీసుకున్న ఎక్స్‌బాక్స్ 360 గేమ్‌లు శాశ్వతంగా మీవే, ఎక్స్‌బాక్స్ వన్ గేమ్‌లకి మాత్రం సభ్యత్వం నడుస్తూ ఉండాలి. రెండూ ఒకే పథకంలో వచ్చినవే అయినా అలా తేడా ఉంది.

ఎక్కువమందిని కంగారు పెట్టేది డీఎల్‌సీ. అసలు గేమ్ సభ్యత్వంతో వచ్చింది, దానికి అదనపు భాగం మీరు డబ్బు పెట్టి కొన్నారనుకోండి. ఆపేశాక ఆ అదనపు భాగం మీ అకౌంట్‌లోనే ఉంటుంది, కానీ అసలు గేమ్ లేదు కాబట్టి దాన్ని తెరిచే దారి లేదు. తర్వాత ఎప్పుడైనా అసలు గేమ్‌ని అదే స్టోర్‌లో కొంటే అది మళ్లీ పనిచేస్తుంది. ప్లేస్టేషన్‌లో డిస్క్ కొనాలనుకుంటే మాత్రం ఆ డిస్క్ ఏ ప్రాంతానిదో చూసుకోండి, మీ అకౌంట్ ప్రాంతంతో కలవకపోతే డీఎల్‌సీ పట్టదు. ఇలా డీఎల్‌సీ కొనిపెట్టుకున్న గేమ్ ఏదైనా ఉండి అది మీకు నిజంగా ఇష్టమైనదైతే, సభ్యత్వం ఇంకా నడుస్తున్నప్పుడే సభ్యుల డిస్కౌంట్‌తో అసలు గేమ్ కొనేయడం మంచిది. గేమ్ పాస్‌లో, ఈఏ ప్లేలో కొన్ని గేమ్‌లకి ఈ డిస్కౌంట్లు ఉంటాయి, ఆపేశాక అదే గేమ్‌కి పూర్తి ధర పెట్టాలి.

అద్దెకీ కొనడానికీ తేడా ఎంత గట్టిదో గూగుల్ వాళ్ల గేమ్ స్ట్రీమింగ్ సర్వీసు స్టేడియా మూతపడ్డప్పుడు బాగా కనిపించింది. 2023 జనవరి 18న అది ఆగిపోయింది. స్టోర్‌లో కొన్న గేమ్‌లకి డబ్బు వెనక్కిచ్చారు, స్టేడియా ప్రో నెలసరి రుసుముకి ఇవ్వలేదు.

మూడో మెట్టు: సేవ్‌లు

ఇది తొందరపడకుండా చేయండి, ఒక సాయంత్రం పట్టినా పర్వాలేదు. గేమ్ మళ్లీ కొనుక్కోవచ్చు, మీరు గడిపిన గంటలని ఎక్కడా కొనలేరు.

ఎక్స్‌బాక్స్ కన్సోల్ వాళ్లకి ఇక్కడ పెద్దగా టెన్షన్ లేదు. అక్కడ క్లౌడ్ సేవ్ సభ్యత్వంతో ముడిపడి లేదు, అకౌంట్ ఉంటే చాలు. గేమ్ పాస్ ఆపేసి ఏడాది తర్వాత అదే గేమ్‌ని ఎక్స్‌బాక్స్ స్టోర్‌లో కొన్నా, మళ్లీ సభ్యత్వం తీసుకున్నా, ఆపిన చోటి నుంచే మొదలుపెట్టొచ్చు. అచీవ్‌మెంట్లు కూడా మీ ప్రొఫైల్‌లో అలాగే ఉంటాయి.

ప్లేస్టేషన్ 5 వాళ్లు మాత్రం జాగ్రత్తగా వినండి. సేవ్ మీ కన్సోల్ లోపల ఉన్నంతవరకు ఏ గొడవా లేదు, సభ్యత్వం ఆగినంత మాత్రాన అది చెరిగిపోదు. కానీ క్లౌడ్‌లో ఉన్న కాపీ సభ్యత్వంతో ముడిపడింది. ఆగిన రోజు నుంచి దాన్ని ముట్టుకోలేరు, 6 నెలలు ఉంచుతారు, ఆ తర్వాత తీసేయొచ్చు. పీఎస్ 4 గేమ్‌ల సేవ్‌లని యూఎస్‌బీ డ్రైవ్‌లోకి కాపీ చేసుకోవచ్చు, పీఎస్ 5 గేమ్‌ల సేవ్‌లని మాత్రం అలా విడివిడిగా కాపీ చేయడం కుదరదు. కాబట్టి సభ్యత్వం ముగిసేలోపు సెట్టింగ్స్‌లో సేవ్డ్ డేటా విభాగంలోకి వెళ్లి, క్లౌడ్‌లో ఉండి కన్సోల్‌లో లేనివి ఏమైనా ఉంటే కిందకి దించుకోండి. పాత కన్సోల్ అమ్మేసి కొత్తది తీసుకున్నవాళ్ల దగ్గర ఇలాంటివి చాలా ఉంటాయి, ఎప్పుడో ఆడి వదిలేసిన గేమ్‌ల సేవ్‌లు క్లౌడ్‌లోనే పడి ఉంటాయి. పీఎస్ 4 సేవ్‌లని యూఎస్‌బీలో కూడా ఒక కాపీ పెట్టండి.

నింటెండో స్విచ్‌లో సేవ్‌లు కన్సోల్ సొంత మెమరీలోనే ఉంటాయి, మైక్రోఎస్‌డీ కార్డులోకి వెళ్లవు. అంటే కార్డు తీసి దాచుకున్నా సేవ్ దాచుకున్నట్టు కాదు. క్లౌడ్ కాపీలకి గడువు 180 రోజులు, ఆలోపు మళ్లీ చేరితే పాతవి దొరుకుతాయి. ఇక క్లౌడ్‌కి అసలు వెళ్లని గేమ్‌లు కూడా కొన్నున్నాయి, పోకెమాన్ స్వోర్డ్, షీల్డ్ లాంటివి, వాటి విషయంలో కన్సోల్‌లో ఉన్నదే ఏకైక కాపీ. కొత్త స్విచ్‌కి మారే ఆలోచన ఉంటే, రెండు కన్సోళ్లూ దగ్గర పెట్టుకుని సేవ్‌ని ఒకదాని నుంచి ఇంకోదానికి పంపే పద్ధతి ఉంది, దానికి సభ్యత్వం అక్కర్లేదు.

పీసీలో గేమ్ పాస్ వాడేవాళ్లు తరచుగా పడే గోతి ఒకటుంది. గేమ్ పాస్‌లో సగం ఆడాం, ఆపేసి అదే గేమ్‌ని స్టీమ్‌లో తక్కువ ధరకి వచ్చినప్పుడు కొని కొనసాగిద్దాం అనుకుంటారు. చాలా గేమ్‌లలో అది కుదరదు. మైక్రోసాఫ్ట్ స్టోర్ కాపీ సేవ్ వేరు, స్టీమ్ కాపీ సేవ్ వేరు, ఒకదాన్ని ఇంకోటి చూడదు. అదే ప్రగతి కావాలంటే మైక్రోసాఫ్ట్ స్టోర్‌లోనే కొనాలి. గేమ్ తయారు చేసినవాళ్ల సొంత అకౌంట్‌లో ప్రగతి దాచే గేమ్‌లకి ఈ బాధ లేదు. ఉదాహరణకి డయాబ్లో 4లో పాత్రలన్నీ బ్యాటిల్.నెట్ అకౌంట్‌లో ఉంటాయి కాబట్టి ఎక్కడ కొన్నా అదే పాత్రతో ఆడొచ్చు. మీ గేమ్ ఏ రకమో కొనే ముందే చూసుకోండి.

ఫోన్‌లో ఆడేవాళ్లు ఒక్కటి గుర్తుపెట్టుకోండి: యాప్ తీసేస్తే ఫోన్‌లో ఉన్న సేవ్ కూడా దాంతో పాటే పోవచ్చు. ఆపిల్ ఆర్కేడ్ ఆపేసి మళ్లీ చేరే ఉద్దేశం ఉంటే ఎక్కువ కాలం ఆగొద్దని, ఆలస్యమైతే కొన్ని గేమ్‌ల డేటా పనిచేయకపోవచ్చని ఆపిల్ వాళ్లే చెప్తున్నారు.

ఒకే గేమ్‌కి నెలనెలా కట్టేవాళ్ల కోసం

వరల్డ్ ఆఫ్ వార్‌క్రాఫ్ట్ లాంటి వాటిలో డబ్బు ఆపగానే మీ పాత్ర చెరిగిపోతుందేమోనని భయపడకండి. పాత్రలు అలాగే నిద్రపోతాయి. వార్‌క్రాఫ్ట్‌లో అయితే డబ్బు కట్టకుండానే లెవెల్ 20 దాకా ఆడనిస్తారు కూడా, ఆ పైన ఉన్న పాత్రలు మాత్రం మీరు తిరిగొచ్చే దాకా ఆగుతాయి.

కానీ ఇళ్లు, గోదాములు వేరు. ఫైనల్ ఫాంటసీ 14లో సొంత ఇల్లు సంపాదించడం ఎంత కష్టమో ఆడేవాళ్లకి తెలుసు, లాటరీలో పేరు రావాలి, నెలలు పడుతుంది. ఆ ఇంట్లోకి 45 రోజులు అడుగుపెట్టకపోతే దాన్ని కూల్చేసే నిబంధన ఉంది. సభ్యత్వం ఆపితే లోపలికి వెళ్లలేరు, కాబట్టి ఆ లెక్క మొదలైనట్టే. ఆపేసే ముందు లోపలి సామాను, ముఖ్యంగా మళ్లీ దొరకనివి, బయటికి తీసుకోండి. ఎల్డర్ స్క్రోల్స్ ఆన్‌లైన్‌లో ఈఎస్‌ఓ ప్లస్ అనే సభ్యత్వం ఆగితే క్రాఫ్ట్ బ్యాగ్‌లో (ముడిసరుకు దాచే సంచిలో) ఉన్నవి బయటికి తీసుకోవచ్చు గానీ కొత్తవి లోపల పెట్టలేరు, ఫాలౌట్ 76లో ఫాలౌట్ ఫస్ట్ సభ్యత్వం ఆగినప్పుడు ముడిసరుకు దాచే స్క్రాప్‌బాక్స్ కూడా అంతే. ఈ పద్ధతి నాకు న్యాయంగా అనిపిస్తుంది, ఆటగాడు పోగేసుకున్నది లాక్కోకుండా సౌకర్యాన్ని మాత్రమే ఆపుతున్నారు. అన్ని గేమ్‌లూ ఇలాగే చేస్తే బాగుండు.

నాలుగో మెట్టు: ఇప్పుడు క్యాన్సిల్

ఎప్పుడు చేయాలి? చాలా సర్వీసుల్లో మీరు ఈరోజు ఆపినా కట్టిన గడువు చివరి రోజు దాకా అన్నీ నడుస్తాయి, ఎందుకంటే మీరు నిజానికి ఆపుతున్నది తర్వాతి చెల్లింపుని. కాబట్టి సేవ్‌ల పని అయిపోయాక ఆఖరి రోజు దాకా ఆగకండి. చివరి రోజు అర్ధరాత్రి చేద్దాం అనుకుంటే, టైమ్ జోన్ తేడా వల్లో, ముందే డబ్బు లాగే పద్ధతి వల్లో ఇంకో నెల కట్టాల్సి వస్తుంది. దీనికి మినహాయింపు కొన్ని ఉచిత ట్రయల్స్. ఆపిల్ ఆర్కేడ్ ట్రయల్ మధ్యలో ఆపితే అప్పటికప్పుడే గేమ్‌లు ఆగిపోవచ్చు, అలాంటి వాటికి గడువుకి ఒకటి రెండు రోజుల ముందు ఫోన్‌లో రిమైండర్ పెట్టుకోండి.

ఎక్కడ చేయాలి అంటే, ఎక్కడ కొన్నారో అక్కడే. ఈఏ ప్లే ఒకటే సర్వీసు, కానీ స్టీమ్‌లో తీసుకుంటే స్టీమ్‌లో, ప్లేస్టేషన్‌లో తీసుకుంటే ప్లేస్టేషన్‌లో ఆపాలి. గేమ్ పాస్ అయితే బ్రౌజర్‌లో మైక్రోసాఫ్ట్ అకౌంట్ తెరిచి సర్వీసెస్ అండ్ సబ్‌స్క్రిప్షన్స్‌లోకి వెళ్లి మేనేజ్ నొక్కండి. అక్కడ వెంటనే ముగించి కొంత డబ్బు వెనక్కి తీసుకునే దారి కూడా కొన్నిసార్లు చూపిస్తారు, గడువు దాకా ఆడుకోవాలంటే అది ఎంచుకోవద్దు, నిదానంగా చదవండి. పీఎస్ 5లో సెట్టింగ్స్, తర్వాత యూజర్స్ అండ్ అకౌంట్స్, అకౌంట్, పేమెంట్ అండ్ సబ్‌స్క్రిప్షన్స్, అక్కడ ఆటో రెన్యూ ఆపడమే. స్విచ్‌లో ఈషాప్ తెరిచి మీ అకౌంట్ బొమ్మ నొక్కితే ఆటోమేటిక్ రెన్యువల్ ఆపే చోటు కనిపిస్తుంది. ఐఫోన్‌లో సెట్టింగ్స్‌లో మీ పేరు మీద నొక్కి సబ్‌స్క్రిప్షన్స్, ఆండ్రాయిడ్‌లో ప్లే స్టోర్‌లో మీ ఫొటో నొక్కి పేమెంట్స్ అండ్ సబ్‌స్క్రిప్షన్స్.

దారిలో మూడు నాలుగు తెరలు అడ్డొస్తాయి. ఇవన్నీ కోల్పోతారు అని ఒకటి, తక్కువ ధరకి ఇస్తాం ఉండిపోండి అని ఇంకోటి. నిజంగా ఆ ధర మీకు పనికొస్తే తీసుకోండి, తప్పు లేదు. లేకపోతే క్యాన్సిల్ అయింది, ఫలానా తేదీ దాకా ఉంటుంది అనే చివరి తెర కనిపించే దాకా ముందుకెళ్లండి, మధ్యలో మూసేస్తే ఆగదు. ఆ చివరి తెరని స్క్రీన్‌షాట్ తీసి, ఈమెయిల్ వచ్చిందో లేదో చూసుకోండి.

కొన్ని పనులు క్యాన్సిల్ చేసినట్టు అనిపిస్తాయి గానీ కావు. ఫోన్‌లో యాప్ తీసేయడం, కన్సోల్ అమ్మేయడం, గేమ్ అన్‌ఇన్‌స్టాల్ చేయడం, వీటిలో ఏదీ చెల్లింపుని ఆపదు. కార్డు వివరాలు తీసేయడం కూడా నమ్మదగ్గ దారి కాదు, ప్లేస్టేషన్ వాలెట్‌లో డబ్బుంటే రెన్యువల్‌కి అందులోంచి తీసుకుంటారు. ఇక కోపంలో అకౌంట్ మొత్తం డిలీట్ చేయడం అన్నిటికంటే పెద్ద తప్పు, కొన్న గేమ్‌లు కూడా దాంతోనే పోతాయి.

పొరపాటున ఇంకో నెల డబ్బు పోతే ముందు ఆ స్టోర్ సపోర్ట్‌ని అడగండి. ప్లేస్టేషన్‌లో సభ్యత్వం మొదట కొన్న 14 రోజుల లోపు అడిగితే, వాడుకున్న రోజులకి కోత వేసి మిగతాది ఇవ్వొచ్చు. బ్యాంకుకి ఫోన్ చేసి ఆ చెల్లింపుని వెనక్కి లాగడం మాత్రం చివరి అస్త్రంగా కూడా ఒకటికి రెండుసార్లు ఆలోచించండి, అలా చేసినవాళ్ల అకౌంట్లని ఆపేసే కంపెనీలు ఉన్నాయి, అప్పుడు మీ సొంత గేమ్‌లు కూడా ఆ తాళం వెనకే ఉండిపోతాయి. మర్చిపోయి కట్టుకుంటూ పోయే జనం సంగతి ఎంత దూరం వెళ్లిందంటే, బ్రిటన్‌లో పోటీ వ్యవహారాలు చూసే సంస్థ అడగడంతో 2022లో మైక్రోసాఫ్ట్, సోనీ ఇద్దరూ చాలా కాలంగా సభ్యత్వం వాడనివాళ్లకి గుర్తుచేస్తామని, అయినా వాడకపోతే డబ్బు తీసుకోవడం ఆపుతామని అక్కడ ఒప్పుకున్నారు.

ఐదో మెట్టు: గడువు ముగిసిన రోజు

ఇంట్లో మీ సభ్యత్వం మీద ఆడేవాళ్లు ఇంకెవరైనా ఉంటే వాళ్లకి ముందే చెప్పండి. ఒకే కన్సోల్‌లో వేరే ప్రొఫైల్‌తో ఆడే తమ్ముడికి, ఫ్యామిలీ ప్లాన్‌లో ఉన్న పిల్లలకి కూడా అదే రోజు తలుపు మూసుకుంటుంది, వాళ్ల సేవ్‌లకి కూడా పైన చెప్పిందంతా వర్తిస్తుంది. ఇది నేను చాలామంది మర్చిపోవడం చూశాను, చిన్నపిల్లలు కట్టుకున్న లోకం పోతే వాళ్లకి అది చిన్న విషయం కాదు.

గేమ్‌లు వాటంతటవి డిస్క్ నుంచి చెరిగిపోవు, తెరవబోతే కొనమనో, చేరమనో అడుగుతాయి. చోటు కోసం తీసేయాలంటే తీసేయండి, కానీ గేమ్‌ని తీసేయడం, సేవ్‌ని తీసేయడం రెండు వేర్వేరు ఆప్షన్లు అని గుర్తుంచుకోండి. పీఎస్ 5లో, స్విచ్‌లో గేమ్ తీసేసినా సేవ్ ఉంటుంది, సేవ్ డేటా అని రాసి ఉన్న చోట మాత్రం చెయ్యి పెట్టకండి. డబ్బు పెట్టి కొన్న గేమ్‌లలో ఒంటరిగా ఆడే భాగం మామూలుగానే నడుస్తుంది, కన్సోల్‌లో ఆన్‌లైన్ భాగం చాలావరకు ఆగిపోతుంది. ఫోర్ట్‌నైట్ లాంటి ఉచిత గేమ్‌లకి అదీ లేదు, ప్లేస్టేషన్‌లో, స్విచ్‌లో, 2021 ఏప్రిల్ నుంచి ఎక్స్‌బాక్స్‌లో కూడా సభ్యత్వం లేకుండానే ఆన్‌లైన్‌లో ఆడొచ్చు.

చివరిగా క్యాలెండర్‌లో రెండు తేదీలు పెట్టుకోండి. ఒకటి, రెన్యువల్ పడాల్సిన రోజు తర్వాతి రోజు, బ్యాంకు స్టేట్‌మెంట్ తెరిచి డబ్బు కట్ అవలేదని చూసుకోవడానికి. రెండోది, ఆగిన రోజు నుంచి ఐదు నెలలకి. క్లౌడ్‌లో ఇంకా దించుకోని సేవ్ ఏదైనా ఉందని గుర్తొస్తే, ఆ రోజు ఒక్క నెలకి మళ్లీ చేరి, దించుకుని, అప్పటికప్పుడే ఆటో రెన్యూ ఆపేయొచ్చు.